చికెన్ నూడుల్ సూప్: లంచ్ టైమ్‌కి నూడుల్స్ ఉబ్బిపోకుండా, నీళ్లు నీళ్లుగా లేకుండా ఎలా చేస్తున్నారు?

కొలంబస్_అమ్మ:

అందరికీ నమస్కారం. మేముండేది ఒహాయోలో, కొలంబస్ దగ్గర. మా పాప సెకండ్ గ్రేడ్. చలి మొదలైందంటే దానికి జలుబు, దగ్గు తప్పవు. అప్పుడు అన్నం ముట్టదు. చారన్నం మెత్తగా పిసికి పెట్టినా రెండు ముద్దలు తిని మొహం తిప్పేసుకుంటుంది. చికెన్ నూడుల్ సూప్ అయితే మాత్రం గిన్నె ఖాళీ చేస్తుంది. మొదటిసారి తిన్నది వాళ్ల ఫ్రెండ్ ఇంట్లో. అప్పటి నుంచీ ఒంట్లో బాగోకపోతే అదే కావాలంటుంది.

డబ్బా సూప్ కొనొచ్చు, కానీ లేబుల్ మీద సోడియం అంకె చూశాక రోజూ పెట్టాలంటే మనసొప్పడం లేదు. అందుకని ఇంట్లోనే చేస్తున్నాను. బోన్‌లెస్ చికెన్ బ్రెస్ట్, కార్టన్ బ్రాత్ (ప్యాక్‌లో వచ్చే రెడీమేడ్ చారు), క్యారెట్, సెలరీ, ఎగ్ నూడుల్స్, అన్నీ ఒకే గిన్నెలో వేసి ఉడికిస్తున్నాను. నెట్‌లో చాలా రెసిపీలు అలాగే ఉన్నాయి. అయితే నీళ్లకి రుచి పట్టడం లేదు. ఉప్పు పెంచితే ఉప్పగా అవుతుంది తప్ప రుచి రావడం లేదు. ముక్క పీచులు పీచులుగా, గట్టిగా వస్తోంది. అన్నిటికన్నా పెద్ద టెన్షన్ స్కూల్ లంచ్. పొద్దున ఏడింటికి థర్మస్‌లో పోసి పంపిస్తే పదకొండున్నరకి పాప మూత తీసేసరికి సూప్ ఉండదు. నూడుల్స్ మొత్తం పీల్చేసుకుని ముద్దయిపోతాయి. సాయంత్రం అలాగే తిరిగొస్తుంది.

మా అత్తయ్య గారు రాజమండ్రి నుంచి వచ్చారు, ఇప్పుడు మాతోనే ఉన్నారు. "కాస్త అల్లం వెల్లుల్లి ముద్ద, పసుపు, ధనియాల పొడి వెయ్యమ్మా, రుచి ఎందుకు రాదో చూస్తాను" అంటారు. వేస్తే పెద్దవాళ్లకి బాగానే ఉంది గానీ పాప "ఇది ఆ సూప్ కాదు" అని పక్కన పెట్టేసింది. నాకు కావాల్సింది ఆ సూపే. రోజూ చేసేవాళ్లు ఎవరైనా కాస్త వివరంగా చెప్పండి.

డాలస్_బ్యాచిలర్:

అక్కా, ఇన్‌స్టంట్ పాట్ (కరెంటు ప్రెషర్ కుక్కర్) ఉంటే పని తేలిక. నేను వారాంతంలో కాస్ట్‌కో స్టోర్‌లో 4.99 డాలర్ల రొటిసరీ కోడి, అంటే మొత్తంగా కాల్చి అమ్మే కోడి, తెస్తాను. మాంసం అంతా వలిచి ఫ్రిజ్‌లో పెట్టి, ఆ ఎముకల గూడు మొత్తం కుక్కర్లో వేసి, మునిగేదాకా నీళ్లు పోసి, ఒక ఉల్లిపాయ, రెండు సెలరీ కాడలు పడేసి హై ప్రెషర్‌లో 45 నిమిషాలు పెడతాను. ప్రెషర్ దానంతట అది దిగాక వడకట్టేయడమే. మాంసం చివర్లో వేసి వేడి చేస్తే చాలు, మళ్లీ ఉడికించొద్దు. రొటిసరీ కోడిలో ముందే ఉప్పు పట్టించి ఉంటుంది, అందుకని ఉప్పు రుచి చూశాకే వెయ్యండి.

నూడుల్స్ మాత్రం కుక్కర్లో వెయ్యకండి. వేస్తే మీరు చెప్పిన ముద్దే.

క్లీవ్‌లాండ్_పెద్దమ్మ:

అమ్మా, మీరు చెప్పిన మూడు ఇబ్బందులకీ మూలం ఒక్కటే. అన్నీ ఒకే గిన్నెలో ఉడుకుతున్నాయి. ఎముకలోంచి రుచి దిగాలంటే గంటలు పడుతుంది. ముక్కకి అరగంట, ముప్పావుగంట చాలు. నూడుల్స్‌కి ఏడెనిమిది నిమిషాలు. మూడింటినీ కలిపి ఉడికిస్తే ఏదో ఒకటి పాడవ్వాల్సిందే. దేనికది విడిగా చేసి, తినే గిన్నెలోనే కలపండి. నేను చెప్పదలుచుకున్నది ముఖ్యంగా ఇదే, మిగతాదంతా దీని వివరం.

మాది తెనాలి. క్లీవ్‌లాండ్ వచ్చి ముప్పై ఏళ్లు దాటింది. మొదట్లో మేమున్న అపార్ట్‌మెంట్లో పై అంతస్తులో ఒక యూదు పెద్దావిడ ఉండేవారు. శుక్రవారం మధ్యాహ్నం అయ్యేసరికి మెట్ల దాకా ఆవిడ సూప్ వాసన వచ్చేది. వాళ్లకి శుక్రవారం సాయంత్రం మొదలయ్యే షబ్బాత్ (వారానికోసారి వచ్చే విశ్రాంతి దినం) భోజనంలో ఇది ఉండాల్సిందే. నాకు ఈ సూప్ నేర్పింది ఆవిడే. పన్నెండో శతాబ్దపు యూదు వైద్యుడు మైమోనిడీస్ కూడా రోగులకి కోడి చారు పట్టమని రాశాడని ఆవిడ గర్వంగా చెప్పేవారు. ఆవిడ వంటింట్లో మసాలా డబ్బా అనేదే లేదు. ఉప్పు, మిరియాలు, ఆకులు, అంతే. ఆ రుచంతా ఎక్కడిదా అని నేను ఆశ్చర్యపోతే, గిన్నెలోంచి కోడి కాళ్లు గరిటెతో పైకెత్తి చూపించారు.

మొదట కోడి సంగతి. బోన్‌లెస్ బ్రెస్ట్‌తో ఈ సూప్ రాదు. అందులో ఎముక లేదు, తోలు లేదు, కీళ్ల దగ్గరుండే జిగురు లేదు. మన ఇండియన్ స్టోర్లలో, హలాల్ మాంసం కొట్లలో హార్డ్ చికెన్ అని అమ్ముతారు చూడండి, నాటుకోడి బదులు మనవాళ్లు పులుసుకి తెచ్చుకునేది. గుడ్లు పెట్టే వయసు దాటిన ముదురు కోడి అది. ఈ సూప్‌కి దాన్ని మించింది లేదు. దొరక్కపోతే వీపు ముక్కలు, మెడలు, రెక్కలు తీసుకోండి, చవకగా వస్తాయి. కోడి కాళ్లు దొరికితే ఓ నాలుగు తప్పకుండా వెయ్యండి. అన్నీ కలిపి మూడు పౌన్ల పైన, అంటే కిలోన్నర దాకా ఉండాలి. తినడానికి ముక్కలు వేరు. వాటికి ఎముకతో ఉన్న తొడలు ఓ నాలుగు తెచ్చుకోండి. తొడ ముక్క కాస్త ఎక్కువ ఉడికినా పీచవదు, బ్రెస్ట్ అవుతుంది.

పెద్ద గిన్నెలో కోడి వేసి చల్లటి నీళ్లు పోయండి, మూడు లీటర్లు పడతాయి. వేడినీళ్లు వద్దు. మంట మీడియంలో పెట్టి, అక్కడే ఉండండి. నీళ్లు మరగబోయే ముందు బూడిదరంగు తెట్టు తేలుతుంది. మొదట అంచుల దగ్గర చిన్న చిన్న బుడగలుగా వచ్చి, నడుమకి చేరి చిక్కగా కడుతుంది. దాన్ని చిల్లుల గరిటెతో తీసి పక్కన గిన్నెలో నీళ్లలో ముంచి కడుక్కుంటూ మళ్లీ మళ్లీ తీయాలి. పావుగంట పని. బూడిదరంగు పోయి తెల్లటి నురగ మాత్రమే వస్తున్నప్పుడు ఆపేయొచ్చు. ఈ పావుగంట దాటవేస్తే సూప్ మసకబారుతుంది, కాస్త వెగటు వాసన కూడా ఉండిపోతుంది. పిల్లలు దాన్ని ఇట్టే పసిగడతారు.

తెట్టు తీశాక సిమ్‌లో పెట్టండి. సిమ్ అంటే అక్కడొక బుడగ, ఇక్కడొక బుడగ పైకి రావాలి, అంతే. కుతకుతమని ఉడకనిస్తే కొవ్వు నీళ్లలో కలిసిపోయి పాలరంగు వస్తుంది. ఇప్పుడు కూరలు: ఒక పెద్ద ఉల్లిపాయ పొట్టుతో సహా రెండు చెక్కలు చేసి వెయ్యండి. బయటి పొట్టు కడిగితే చాలు, తియ్యొద్దు, సూప్‌కి ఆ బంగారు రంగు వచ్చేది దాంతోనే. అత్తయ్య గారితో చెప్పండి, రంగు కోసం పసుపు అక్కర్లేదు. రెండు క్యారెట్లు, రెండు సెలరీ కాడలు, దొరికితే ఒక పార్స్‌నిప్. తెల్ల క్యారెట్‌లా ఉంటుంది, దాని తీపి ఈ సూప్‌కి బాగా కుదురుతుంది. పది మిరియాలు, పార్స్‌లీ కాడలు, ఒక బే లీఫ్.

బే లీఫ్ దగ్గర జాగ్రత్త. మనింట్లో ఉండే బిర్యానీ ఆకు వెయ్యకండి. అది దాల్చినచెక్క జాతి ఆకు, ఇక్కడి బే లీఫ్ వేరే చెట్టుది. ఆకు వెనక్కి తిప్పి చూడండి, బిర్యానీ ఆకుకి నిలువునా మూడు ఈనెలుంటాయి, బే లీఫ్‌కి నడుమ ఒక్కటే ఉంటుంది. బిర్యానీ ఆకు పడితే మీ పాప మళ్లీ "ఇది ఆ సూప్ కాదు" అంటుంది.

తొడ ముక్కలు కూరలతో పాటే వేసి 35, 40 నిమిషాలకి తీసేయండి. థర్మామీటర్ ఉంటే లోపల 165 ఫారెన్‌హీట్ దాటిందో లేదో చూడండి. మాంసం వలిచి, మూతపెట్టి ఫ్రిజ్‌లో ఉంచి, ఆ ఎముకలు మళ్లీ గిన్నెలో వేసేయండి. హార్డ్ చికెన్ అయితే మొత్తం మూడు గంటలు, మామూలు కోడి అయితే రెండు గంటలు చాలు. తర్వాత వడకట్టండి. ఉడికి నీరసించిన ఆ క్యారెట్, ఉల్లిపాయలో ఇక ఏమీ మిగలదు, పారెయ్యండి. పాప తినే క్యారెట్ ముక్కలు కొత్తగా తరిగి, వడకట్టిన సూప్‌లో పది నిమిషాలు ఉడికించండి. ఉప్పు ఇప్పుడు వెయ్యండి. మన సన్న ఉప్పయితే లీటరుకి ఒక టీస్పూన్ లోపే సరిపోతుంది. ఇక్కడి కోషర్ సాల్ట్ గరుకుగా ఉంటుంది కాబట్టి చెంచాకి తక్కువ పడుతుంది, అది కాస్త ఎక్కువ వేసుకోవచ్చు.

స్టవ్ ఆపడానికి ఐదు నిమిషాల ముందు చిన్న డిల్ కట్టని దారంతో కట్టి ముంచి తీసేయండి. డిల్ అంటే మన సోయకూరే. దింపాక నాలుగు చుక్కల నిమ్మరసం. పుల్లగా ఉండకూడదు, నాలుకకి తెలియకూడదు, కానీ వేసినదానికీ వేయనిదానికీ తేడా మాత్రం తెలుస్తుంది.

సరిగ్గా కుదిరిందో లేదో మర్నాడు పొద్దున ఫ్రిజ్‌లోంచి గిన్నె తీసి ఊపి చూడండి. పైన పసుపుపచ్చ కొవ్వు పొర, దాని కింద సూప్ జున్నులా తొణక్కుండా కదలాలి. అదే ఎముకలోంచి దిగిన జిగురు. ఉప్పు పెంచితే రాని నిండుదనం అక్కడుంది. వేడి చేయగానే మళ్లీ పల్చగా అవుతుంది, భయపడకండి. ఆ కొవ్వు చెంచాతో తీసి డబ్బాలో పెట్టుకోండి, బంగాళాదుంపల వేపుడుకి బ్రహ్మాండంగా ఉంటుంది.

ఇక థర్మస్. నూడుల్స్ విడిగా ఉప్పు నీళ్లలో ప్యాకెట్ మీద రాసినదానికన్నా ఒక నిమిషం తక్కువ ఉడికించి, వార్చి, చెంచాడు సూప్ కొవ్వు గానీ నూనె గానీ కలిపి చిన్న డబ్బాలో వేరే పెట్టండి. థర్మస్‌లో ముందు మరిగే నీళ్లు పోసి మూతపెట్టి పది నిమిషాలు వదిలేయండి. ఆ నీళ్లు పారబోసి, పొగలు కక్కే సూప్, మాంసం అందులో నింపండి. చల్లటి థర్మస్‌లో పోస్తే లోపలి గోడే వేడిని లాగేస్తుంది. లంచ్ వేళకి 140 ఫారెన్‌హీట్ కింద పడకూడదు. ఒక ఆదివారం ఇంట్లో పోసి ఉంచి, పదకొండున్నరకి థర్మామీటర్ పెట్టి చూసుకుంటే మీకు ధైర్యంగా ఉంటుంది. నూడుల్స్ డబ్బా ఫ్రిజ్‌లోంచి తీసి చిన్న ఐస్ ప్యాక్‌తో పంపండి, వేడి సూప్‌లో పడగానే వేడెక్కుతాయి. థర్మస్ మూత పాప తనంతట తాను తియ్యగలుగుతుందో లేదో కూడా ఇంట్లోనే చూడండి. చాలా సూప్‌లు తినకుండా తిరిగొచ్చేది అందుకే.

మీరు ఒహాయోలోనే ఉన్నారు కాబట్టి ఇంకో మాట. హోమ్స్ కౌంటీ వైపు అమిష్ వాళ్లు (పాతకాలపు పద్ధతుల్లో బతికే క్రైస్తవులు) చేసే ఎగ్ నూడుల్స్ మన దగ్గర సూపర్‌మార్కెట్లలో కూడా దొరుకుతాయి. మందంగా ఉంటాయి, త్వరగా మెత్తబడవు. వాటికి ఉడికే టైమ్ ఎక్కువ, ప్యాకెట్ చూసి పెట్టుకోండి.

కొలంబస్_అమ్మ:

పెద్దమ్మ గారూ, చేతులెత్తి దండం పెడుతున్నాను. ఇంత ఓపిగ్గా ఎవరు చెప్తారండీ! అత్తయ్య గారికి చదివి వినిపించాను. ఉల్లిపొట్టు మాట వినగానే "ఓహో" అన్నారు. ఆవిడ తరఫున ఒక ప్రశ్న: కోడిని ఉప్పు, పసుపు వేసి రుద్ది కడగకపోతే నీచు వాసన పోదంటారు. ఇక్కడ మాత్రం కడగొద్దంటున్నారు. మీరేం చేస్తారు? అలాగే అల్లం పూర్తిగా మానెయ్యాలా? దగ్గుకి మంచిదని ఆవిడకి గట్టి నమ్మకం.

క్లీవ్‌లాండ్_పెద్దమ్మ:

కడగనమ్మా. ఇక్కడ ప్యాక్‌లో వచ్చే కోడి శుభ్రం చేసే వస్తుంది. పచ్చి కోడిని సింక్‌లో కడిగితే తుంపర్లు పక్కనున్న గిన్నెల మీద, కూరల మీద పడి సూక్ష్మక్రిములు పాకుతాయని యూఎస్‌డీఏ (అమెరికా వ్యవసాయ శాఖ) వాళ్లు కడగొద్దనే చెప్తారు. పేపర్ టవల్‌తో అద్ది, ఆ టవల్ చెత్తలో వేసి, చేతులు సబ్బుతో కడుక్కోండి. నీచు వాసన సంగతి మీ అత్తయ్య గారు చెప్పింది నిజమే. ఈ సూప్‌లో ఆ పని చేసేది తెట్టు తియ్యడం. ఇంకా అనుమానంగా ఉంటే ఎముకలు మాత్రం ఐదు నిమిషాలు మరిగించి, ఆ నీళ్లు పారబోసి, మళ్లీ చల్లటి నీళ్లతో మొదలుపెట్టండి. చైనా వాళ్లు అలాగే చేస్తారు.

అల్లం మానక్కర్లేదు. ముద్ద వద్దు. ముద్ద వేస్తే సూప్ మసకబారి అల్లం వెల్లుల్లి వాసనే మిగులుతుంది, కోడి కనపడదు. బొటనవేలంత ముక్క చితక్కొట్టి కూరలతో పాటు వేసి, వడకట్టేటప్పుడు తీసేయండి. ధనియాల పొడి మాత్రం ఆవిడ గిన్నెలో విడిగా కలుపుకోమనండి, మిరియాల పొడి కూడా. నేనూ నా గిన్నెలో మిరియాలు దండిగానే దంచి వేసుకుంటాను. కుండలో ఉన్నది పిల్లలది, గిన్నెలో ఎవరి రుచి వాళ్లది.

కూకట్‌పల్లి_వంటిల్లు:

నేను హైదరాబాద్‌లో ఉంటాను. మా అబ్బాయి అమెరికాలో, మేడిసన్‌లో చదువుకుని వచ్చాక ఇదే సూప్ అడుగుతున్నాడు. ఇక్కడ ఎగ్ నూడుల్స్ దొరకడం కష్టంగా ఉంది, దొరికే హక్కా నూడుల్స్‌లో గుడ్డు ఉండటం లేదు. సెలరీ ఒక్కోసారి దొరుకుతుంది, ఒక్కోసారి లేదు. చికెన్ షాపులో తోలు తీసి కర్రీ కట్ కొట్టి ఇచ్చేస్తారు. మన దగ్గర చేసుకోవాలంటే ఎలా పెద్దమ్మా?

క్లీవ్‌లాండ్_పెద్దమ్మ:

నాయనా, కోడి విషయంలో మీరే అదృష్టవంతులు. నాటుకోడి తెచ్చుకోండి. కొట్టేవాడికి ముందే చెప్పండి: తోలు ఉంచమని, చిన్న ముక్కలు చెయ్యొద్దని, ఎనిమిది పెద్ద ముక్కలు చాలని. కాళ్లు కూడా అడగండి, కాల్చి పైపొర ఒలిచి గోళ్లు కొట్టి ఇస్తాడు. చిన్న ముక్కలైతే ఎముక పెంకులు సూప్‌లో పడతాయి, పల్చటి గుడ్డలో వడకట్టుకోవాలి.

నూడుల్స్ ఇంట్లో చేసుకోండి, మనవాళ్లకి చపాతీ చెయ్యి తిరిగిందే కదా. 200 గ్రాముల మైదా, రెండు గుడ్లు, అర చెంచా ఉప్పు. నీళ్లు పొయ్యకుండా గట్టిగా కలపండి, మొదట పొడిపొడిగా ఉన్నా పిసికేకొద్దీ దగ్గరకొస్తుంది. తడిగుడ్డ కప్పి అరగంట ఉంచి, చపాతీకన్నా పల్చగా ఒత్తండి. పైన మైదా దండిగా చల్లి, చాపలా చుట్టి, పదునైన కత్తితో వేలి వెడల్పున కొయ్యండి. విడదీసి ఓ పావుగంట ఆరనిచ్చి మరిగే నీళ్లలో వేస్తే మూడు నాలుగు నిమిషాల్లో తేలి ఉడికిపోతాయి. వీటి రుచి ప్యాకెట్ నూడుల్స్‌కి రాదు.

సెలరీ లేనప్పుడు కొత్తిమీర కాడలు, వేళ్లతో సహా కడిగి వెయ్యండి. వాసన అదే కాదు గానీ బాగుంటుంది. నూడుల్స్ ప్యాకెట్లో వచ్చే మసాలా పొడి మాత్రం వెయ్యకండి. మూడు గంటలు ఉడికించినదంతా ఆ ఒక్క పొడితో పోతుంది.

చికాగో_నర్సు:

పిల్లల వార్డులో పనిచేస్తాను, అందుకని ఒక మాట. చికెన్ సూప్ జలుబుకి మంచిదా అంటే, దాని మీద పరిశోధనలు జరిగాయి. 1978లో మయామీ బీచ్‌లో ఛాతీ వైద్యులు వేడినీళ్లు, చన్నీళ్లు, చికెన్ సూప్ తాగించి చూస్తే, సూప్ తాగినప్పుడు ముక్కులో చీమిడి వేగంగా కదిలింది. 2000లో నెబ్రాస్కా యూనివర్సిటీ మెడికల్ సెంటర్‌లో స్టీఫెన్ రెనార్డ్ అనే డాక్టర్ తన భార్య వాళ్ల అమ్మమ్మ గారి రెసిపీతో సూప్ చేయించి ల్యాబ్‌లో పరీక్షించారు. వాపుకి కారణమయ్యే తెల్లరక్తకణాల కదలికని ఆ సూప్ తగ్గించింది. ఆ రెసిపీలో పార్స్‌నిప్, చిలగడదుంప కూడా ఉన్నాయి, పెద్దమ్మ గారి సూప్ చదువుతుంటే అదే గుర్తొచ్చింది. అయితే అది ల్యాబ్ పరీక్ష, మనుషుల్లో జలుబు తగ్గుతుందని దాంతో తేలలేదు.

నా వరకు దీని విలువ ఇంకోచోట ఉంది. ఏమీ తినని పిల్లకి నీళ్లు, ఉప్పు, కాస్త మాంసకృత్తులు ఒకేసారి లోపలికి పోతున్నాయి. అది చాలా పెద్ద విషయం. కాకపోతే సూప్ తాగుతోంది కదా అని ఊరుకోకండి. ఆయాసపడుతున్నా, మూత్రం బాగా తగ్గినా, జ్వరం తగ్గి మళ్లీ వచ్చినా డాక్టర్‌కి చూపించండి.

కొలంబస్_అమ్మ:

అందరికీ థాంక్స్. శనివారం హార్డ్ చికెన్ తెచ్చాం. తెట్టు తియ్యడం అత్తయ్య గారే చేశారు, నన్ను గరిటె ముట్టుకోనివ్వలేదు. ఆదివారం పొద్దున గిన్నె ఊపి చూసి నన్ను పిలిచి చూపించారు. పాప రెండుసార్లు పోయించుకుంది. సోమవారం థర్మస్ ఖాళీగా వచ్చింది, నూడుల్స్ డబ్బాలో మాత్రం నాలుగు మిగిలాయి. ఒక్క సందేహం మిగిలింది: ఇంకా లీటరున్నర సూప్ ఉంది. ఎన్నాళ్లుంటుంది?

క్లీవ్‌లాండ్_పెద్దమ్మ:

చాలా సంతోషం తల్లీ. ఫ్రిజ్‌లో మూడు, నాలుగు రోజులు, ఫ్రీజర్లో రెండు మూడు నెలలు. శనివారం చేశారు కాబట్టి మిగిలింది ఈరోజే ఫ్రీజర్లో పెట్టేయండి. ఈసారి నుంచి దింపిన రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లో పెట్టాలి. పెద్ద గిన్నె అలాగే పెడితే నడుమ చల్లారదు, లోతు తక్కువ డబ్బాల్లోకి సర్దండి. ఫ్రీజర్లోకి పాప ఒక్కసారి తాగేంత చొప్పున చిన్న డబ్బాల్లో పొయ్యండి, గడ్డకడితే ఉబ్బుతుంది కాబట్టి పైన అంగుళం ఖాళీ వదలండి. నూడుల్స్ ఫ్రీజ్ చెయ్యొద్దు, ఎప్పటికప్పుడు ఉడికించుకోండి. డబ్బా మీద తేదీ రాయడం మర్చిపోకండి.